అడుగు పిండికి మోక్షం

అమెరికాలో, అరిజోనాలోని చాండ్లర్‌లో తెలుగువాళ్ల ఫ్రిజ్ తలుపు అరలో తరచూ కనిపించే సీసా ఒకటుంది. ముక్కలు ఎప్పుడో అయిపోయాయి. అడుగున ఎర్రటి ఆవపిండి, దానిమీద తేరిన నూనె. పారేద్దామంటే మనసొప్పదు, సముద్రాలు దాటి సూట్‌కేసులో చీరల మధ్య ఒదిగి వచ్చిన సరుకాయె. అన్నంలో కలుపుకుందామంటే ముక్క లేని ఆవకాయేమిటని ఇంట్లో అలకలు. దాని పక్కనే కెచప్ సీసా తలకిందులుగా నిలబడి ఉంటుంది. ఫ్రైస్ వేగగానే చెయ్యి దానిమీదికే పోతుంది. ఆ చెయ్యి జానెడు పక్కకి జరగాలని నా వాదన.

ఫ్రైస్‌లో ఉప్పూ నూనే ముందే ఉన్నాయి. లేనివి పులుపు, కారం, కాస్త ఘాటు. కెచప్ ఏమిస్తోంది? హైంజ్ వాళ్ల లేబుల్ చూస్తే 17 గ్రాముల చెంచాలో 4 గ్రాములు చక్కెరే. దాదాపు నాలుగో వంతు! మన వంటింట్లో అంత తీపి పడితే దాన్ని పచ్చడి అనం, పాకం అంటాం. అరిజోనాకి ఉత్తరాన ఉన్న యూటా వాళ్లకి సగం విషయం బోధపడినట్టుంది, కెచప్‌లో మయొనైజ్ కలిపి ఫ్రై సాస్ అన్నారు. కొవ్వు దాకా వచ్చి, కారం దగ్గర ఆగిపోయారు.

మనం ఆగక్కర్లేదు. అరకప్పు చిక్కటి గ్రీకు పెరుగులో రెండు చెంచాల అడుగు పిండి, నూనెతో సహా వేసి గిలక్కొట్టడమే. మామూలు పెరుగైతే ముందు గుడ్డలో కట్టి వేలాడదియ్యాలి, లేకపోతే ఫ్రైస్ మెత్తబడతాయి. ఉప్పు డబ్బా జోలికి పోవద్దు. నూనె విడిపోతుందన్న బెంగా వద్దు, ఆవపిండిలోని జిగురు నూనె బొట్లని పట్టి ఉంచుతుంది. మయొనైజ్‌లో ఆవ వేసేవాళ్లకీ అది సాయపడేది ఇలాగే. ఈ ఊళ్లోని ఇంటెల్ చిప్‌ల ఫ్యాక్టరీలో పొద్దస్తమానం నానోమీటర్లు లెక్కపెట్టే ఇంజనీర్లు సైతం ఇక్కడ కంటితోనే కొలుచుకోవచ్చు: రంగు కాషాయానికి తిరిగితే చాలు.

వేడన్నం, ముద్దపప్పు, నెయ్యి సరసన కూర్చోవలసిన ఆవకాయని బంగాళాదుంప పక్కన కూర్చోబెట్టడం అపచారం అంటారు పెద్దలు. ముక్కున్న ఆవకాయ విషయంలో నాదీ అదే మాట. అయినా ఈ కులగోత్రాల విచారణ లోతుగా చేస్తే ఇరుకున పడేది మనమే. బంగాళాదుంప ఆండీస్ కొండలది. మిరపకాయ కూడా అమెరికా ఖండాలదే, పోర్చుగీసు ఓడలెక్కి మన తీరానికి వచ్చింది. వాస్కో డ గామా దిగిన 1498 నాటికి మన ఊరగాయల్లో ఎర్రకారం లేదు. చాండ్లర్‌కి దక్షిణాన టుమకాకోరి కొండల్లో చిల్టెపిన్ అనే అడవి మిరప ఇప్పటికీ కాస్తోంది. అంటే సీసాలో ఉన్న కారం పుట్టింటి వైపుకే వచ్చింది, పరాయిదేదైనా ఉంటే మామిడికాయే.

పిల్లలు తినరన్న అభ్యంతరం ఇంతకంటే గట్టిది. గోదావరి జిల్లాల వాళ్లు దీనికి ఎప్పుడో బెల్లం ఆవకాయతో జవాబు చెప్పారు, ఇక్కడ అరచెంచా తేనె ఆ పని చేస్తుంది. ఇందాక కెచప్ తీపిని తిట్టిన నోరేనా ఇది అంటే, అవును, అదే నోరు. నాలుగో వంతు వెయ్యమనలేదుగా.

పెరుగు కలిపితే నిలవ ఉండదన్న మాటకి మాత్రం తిరుగు లేదు. అందుకే పిండిని పొడి చెంచాతో తీసి, ఏ పూటకా పూట వేరే గిన్నెలో కలుపుకోవాలి. సీసాలోనే పెరుగు పోసెయ్యాలన్న దుర్బుద్ధి పుడుతుంది, ఆఖరి రోజుదాకా ఓపిక పట్టండి. ఆ రోజు నిక్షేపంగా పోసి, మూత బిగించి కుదిపితే గోడలకంటిన పిండి కూడా ఊడి వస్తుంది. సీసా సగం కడిగినట్టే, మిగతా సగం ఫ్రైస్ చూసుకుంటాయి.